బోను దిగి రాద్దాం

'మీవాళ్లు కవిత్వం బాగా రాస్తున్నారు. కథలు కూడా కదిలిస్తున్నాయి. వ్యాసాలే... కొంచెం ఆవేశం పాలు ఎక్కువ.'

ఈ మాట వినని ముస్లిం రచయిత తెలుగులో ఉండడు. సభ ముగిశాక టీ గ్లాసులు పట్టుకుని నిలబడ్డప్పుడు భుజం తట్టి మరీ చెబుతారు. మెచ్చుకోలులా వినిపించే ఈ మాటలో ఒక పంపకం దాగి ఉంది. ఏడుపు మాకు, ఆలోచన వాళ్లకు. గాయం మాది. అది ఎంత లోతో కొలిచి, దానికో పేరు పెట్టి, మందు చెప్పే పని మాత్రం వాళ్లది. కవితలో మేం ఎంత మండిపడినా చప్పట్లు కొడతారు. అదే సంగతిని తేదీతో, లెక్కతో, వాదనగా వ్యాసంలో పెడితే 'సమతూకం లేదు' అంటారు.

ఈ పంపకం మాకు సమ్మతం కాదు. ముస్లిం అస్తిత్వ సాహిత్యానికి ఇవాళ అన్నిటికంటే అవసరమైన ప్రక్రియ వ్యాసమే. ఎందుకో చెప్పాలంటే అసలు వ్యాసం అంటే ఏమిటో ముందు తేల్చుకోవాలి.

బళ్లో మనకు నేర్పిందాన్ని వ్యాసం అనడం ఆ మాటకే అవమానం. ఉపోద్ఘాతం, విషయ విశ్లేషణ, ముగింపు. శీర్షికేమో 'జాతీయ సమైక్యత'. అందులో హిందువులూ ముస్లింలూ అన్నదమ్ముల్లా కలిసి ఉంటారు. అక్బరు మంచివాడు, ఔరంగజేబు చెడ్డవాడు. చివర్లో భిన్నత్వంలో ఏకత్వం. పది మార్కులు. మా పిల్లలూ అదే బట్టీ పట్టి అవే మార్కులు తెచ్చుకుంటారు. ఆ పక్క బెంచీలోనే 'తురకోడా' అని పిలిచినవాడు కూడా అదే వ్యాసం రాసి, అవే మార్కులు తెచ్చుకుంటాడు. ఇద్దరిలో ఒక్కడు కూడా ఒక్క క్షణం ఆలోచించనక్కర్లేకుండా పూర్తయ్యే రాత అది. లెక్కల క్లాసులో వ్యాసం అంటే కేంద్రం గుండా పోయే గీత. అంచుల్ని తాకి పక్కనుంచి తప్పుకునే గీతకు ఆ పేరు పెట్టరు. సాహిత్యంలో మాత్రం అలా తప్పుకునేదానికే మార్కులు వేస్తున్నాం.

ఈ ప్రక్రియ పుట్టుక ఇలాంటిది కాదు. 1580లో ఫ్రాన్సులో మాంటేన్ తన పుస్తకానికి 'ఎస్సే' అని పేరు పెట్టాడు. ఆ మాటకు అర్థం ప్రయత్నం, పరీక్ష. బంగారాన్ని ఒరగల్లు మీద గీసి చూసినట్టు, తన అభిప్రాయాన్ని తానే గీసి చూసుకోవడం. అప్పుడు ఆ దేశం ఎలా ఉంది? క్యాథలిక్కులూ ప్రొటెస్టెంట్లూ ఒకరినొకరు నరుక్కుంటున్నారు. 1572లో సెయింట్ బార్తొలొమ్యూ పండుగ వేళ పారిస్‌లో మొదలైన ఊచకోత ఇతర పట్టణాలకూ పాకింది. ఆ రోజుల్లోనే మాంటేన్ నరమాంస భక్షకుల మీద ఒక వ్యాసం రాశాడు. దూరదేశాల్లో చచ్చినవాణ్ణి తినేవాళ్లను అనాగరికులు అంటున్నాం సరే, మతం పేరు చెప్పి బతికున్నవాణ్ణి చిత్రహింస పెట్టి కాల్చే మనల్ని ఏమనాలి అని అడిగాడు. వేలు పొరుగువాడి మీద నుంచి తన జాతి మీదికి తిప్పుకున్నాడు. మతకల్లోలం మధ్యన, 'ఎవరు అనాగరికుడు' అన్న ప్రశ్నతో ఎదిగిన ప్రక్రియ మాకు అక్కర్లేకపోతే ఇంకెవరికి కావాలి?

ఇక మన భాషల సంగతి. ఇప్పుడు మనం వ్యాసం అంటున్నదాన్ని సామినేని ముద్దు నరసింహం నాయుడు ప్రమేయం అన్నాడు. ఆయన 'హితసూచని' 1862లో అచ్చయింది. కందుకూరి వీరేశలింగం ఉపన్యాసం అన్నాడు. పేరు కుదురుకోవడానికి కొంతకాలం పట్టింది. తర్వాత పానుగంటి లక్ష్మీనరసింహారావు 'సాక్షి' వచ్చింది. దానికి మాతృక 1711లో లండన్‌లో అడిసన్, స్టీల్ నడిపిన 'స్పెక్టేటర్' అని తెలుగు ఎమ్మే చదివిన ప్రతివాడికీ తెలుసు. కానీ వాళ్లకు చెప్పని సంగతి ఇంకొకటుంది. అదే 'స్పెక్టేటర్', దానికి ముందొచ్చిన 'టాట్లర్' చూసి సర్ సయ్యద్ అహ్మద్ ఖాన్ 1870లో ఉర్దూలో 'తహ్‌జీబుల్ అఖ్లాఖ్' పత్రిక పెట్టాడు. ఉర్దూ మజ్మూన్‌కు ఒక దారి అక్కడ పడింది. అంటే తెలుగు వ్యాసమూ ఉర్దూ మజ్మూనూ ఒకే పాలు తాగిన బిడ్డలు. మా ఇళ్లలో ఆ రెండు భాషలూ ఒకే దస్తర్‌ఖాన్ మీద కూర్చుంటాయి. తెలుగు సాహిత్య చరిత్రల్లో మాత్రం రెండో బిడ్డ ఊసే ఉండదు.

'సాక్షి' సభ ఎలాంటిదో గుర్తు తెచ్చుకోండి. సాక్షి, జంఘాలశాస్త్రి, కాలాచార్యులు, వాణీదాసు, బొర్రయ్యసెట్టి. ఒక శాస్త్రి, ఒక ఆచార్యుడు, ఒక కవి, ఒక సెట్టి. సంఘం మొత్తాన్ని పరిశీలించి మంచిచెడ్డలు చెప్పే సభ అది. అందులో మాల లేడు, మాదిగ లేడు, సాయిబు లేడు, ఆడది లేదు. పానుగంటి గద్యం గొప్పది, కాదనం. ఆ గద్యాన్ని తిట్టడం కోసం ఈ సంగతి ఎత్తలేదు. ఎవరు చూస్తారు, ఎవర్ని చూస్తారు అన్న లెక్క ఈ ప్రక్రియలో మొదట్నుంచీ ఉందని చెప్పడానికే ఎత్తాను.

తెలుగులో సాక్షి అనే మాటకు రెండు బతుకులున్నాయి. ఒకడు అరుగు మీద కూర్చుని లోకాన్ని చూసి వ్యాఖ్యానించే సాక్షి. ఇంకొకడు బోనులో నిలబడి అడిగినదానికి జవాబు చెప్పే సాక్షి. తెలుగు వ్యాసంలో మొదటి చోటు వాళ్లది, రెండో చోటు మాది. ఎక్కడ బాంబు పేలినా ఖండించాలి. క్రికెట్ మ్యాచ్ నాడు ఎవరు గెలవాలో పైకి చెప్పాలి. బోనులో ఉన్నవాడికి ఒక నియమం ఉంటుంది. వాడు ప్రశ్న అడగడానికి వీల్లేదు. అవునో కాదో చెప్పి దిగిపోవాలి.

తలాక్ సంగతే చూడండి. 2017లో సుప్రీంకోర్టు ఒక్క దెబ్బన ఇచ్చే మూడు తలాకులు చెల్లవంది. 2019లో పార్లమెంటు దాన్ని జైలుశిక్ష పడే నేరం చేసింది. ఆ రోజుల్లో ముస్లిం పేరున్న ప్రతివాణ్ణీ, ప్రతిదాన్నీ నిలబెట్టి ఒకటే ప్రశ్న. అనుకూలమా, వ్యతిరేకమా? అనుకూలం అంటే మనవాళ్లలో ద్రోహి. వ్యతిరేకం అంటే బయట ఛాందసుడు. ఆ తలాకు ఆడదాని మీద దౌర్జన్యం, దాన్ని సమర్థించిన మౌల్వీలు తప్పు చేశారు. మొగుడే భృతి ఇవ్వాలంటూ అదే మొగుణ్ణి జైల్లో పెడితే ఆ ఆడదానికీ పిల్లలకూ కూడెలా దొరుకుతుందో చెప్పని చట్టం ఆమె కోసం చేసింది కాదు. ఈ రెండు మాటలూ ఒకే మనిషి ఒకే నోటితో అనగలడు. అనాలి కూడా. టీవీ చర్చలో అనలేడు, రెండో మాట దగ్గర గొంతు నొక్కేస్తారు. నినాదంలో పట్టదు. కవితలో రెండిట్లో ఒకటే బలంగా పలుకుతుంది. రెంటినీ పక్కపక్కన నిలబెట్టి, ఒకదానితో ఇంకోదాన్ని నిగ్గదీసే చోటు వ్యాసం ఒక్కటే. మమ్మల్ని అక్కణ్ణించి దూరంగా ఉంచడం అంటే రెండో మాట మా నోట రాకుండా చూడటమే.

బోనులోంచి బయటికొచ్చి రాసినవాళ్లు మన వెనక లేకపోలేదు. 1857 తిరుగుబాటు అణగాక తెల్లవాళ్లు నేరమంతా ముస్లింల నెత్తిన వేశారు. అప్పటికి కంపెనీ కొలువులోనే ఉన్న సయ్యద్ అహ్మద్ ఖాన్ 1858లో 'అస్బాబె బగావతె హింద్' రాశాడు. తిరుగుబాటుకు కారణాలు అని దాని అర్థం. 500 ప్రతులు అచ్చు వేయించి, ఇక్కడ పంచకుండా దాదాపు అన్నీ లండన్‌కు పంపాడు. మేం విధేయులం అని చెప్పి ఊరుకోలేదు. శాసనం చేసే సభలో ఈ దేశస్తులకు చోటివ్వకపోవడమే అసలు కారణమని పాలకుల తప్పును పాలకుల ముందే పెట్టాడు. ఉరికొయ్యలు ఇంకా దించని రోజుల్లో, నిందితుల జాతిలో పుట్టినవాడు విచారణాధికారిని విచారించాడు. వ్యాసం చెయ్యగలిగిన పని అది.

అయితే సయ్యద్ సాబ్ చూపు షరీఫుల దగ్గరే ఆగిపోయింది. నేతగాడి గురించీ, దూదేకులవాడి గురించీ ఆయన బెంగపెట్టుకోలేదు. ఆ లోటు తర్వాత మాట్లాడుకుందాం. ముందు మన తెలుగు లెక్క తేలాలి.

1991లో ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ' వచ్చింది. 1992 డిసెంబరు 6న బాబ్రీ మసీదు కూలింది. 1998లో 'జల్‌జలా', 2002లో గుజరాత్ తర్వాత 'అజాఁ', 2004లో ముస్లిం కథల సంకలనం 'వతన్'. తెలుగు సాహిత్యం ముస్లింను అతని సొంత గొంతుతో విన్నది వీటిల్లోనే. ఇవి లేకపోతే ఇవాళ ఈ రాతే ఉండదు. కానీ వీటికి దొరికిన ఆదరణ ఎలాంటిదో కూడా చెప్పుకోవాలి. 'పుట్టుమచ్చ' చరిత్ర పాఠాలతో పోట్లాటకు దిగిన కవిత. దాన్ని చదివి కన్నీళ్లు పెట్టుకున్నవాళ్లు ఎందరో ఉన్నారు. చదివి చరిత్ర పుస్తకం తిరగరాయడానికి కూర్చున్నవాళ్లు ఎందరు? వాదనను వేదనగా చదువుకున్నారు. వేదనకు సానుభూతి చాలు, జవాబు అక్కర్లేదు. అందుకే వాళ్లకు హాయిగా ఉంది.

అమెరికాలో నల్లవాడు జేమ్స్ బాల్డ్విన్ ఈ ప్రమాదాన్ని 1949లోనే పసిగట్టాడు. నిరసన నవలలు చదివి తెల్లవాళ్లు కళ్లు తుడుచుకుంటున్నారనీ, ఆ తుడుచుకోవడంతోనే తమ పని అయిపోయిందనుకుంటున్నారనీ ఒక వ్యాసంలో కడిగేశాడు. ఆయన నవలలు రాయడం మానలేదు. వ్యాసాలు మాత్రం ఆపకుండా రాశాడు. కవిత్వం మానమని నేనూ అనడం లేదు. కవిత తలుపు తడుతుంది. తలుపు తీశాక లోపల కూర్చుని తగువు తేల్చుకోవడానికి వ్యాసం కావాలి.

సెక్యులర్ మిత్రులతో ఒక మాట. మీరు మా శత్రువులు కారు. అందుకే మీతో పోట్లాడుతున్నాం. ప్రత్యేక సంచిక వేసినప్పుడు మమ్మల్ని పిలుస్తారు. ఏ విషయం మీద? బుర్ఖా, తలాక్, మదర్సా, ఉగ్రవాదం. ఇరవై ఏళ్ల నుంచి పత్తి పండిస్తున్న సాయిబు ఉన్నాడు, పత్తి ధర మీద రాయమని అడిగారా? కృష్ణా నీళ్ల మీద, తెలుగు ఛందస్సు మీద, సర్కారు బడి మీద ఒక ముస్లింను రాయమన్నారా? మీరు హిందువుగా పుట్టి లోకం మొత్తం మీద వ్యాసం రాస్తారు. మేం ముస్లింగా పుట్టి ముస్లిం మీదే రాయాలి. అది కూడా ఎవరైనా చచ్చినప్పుడు.

మీ వ్యాసాల్లో మీకిష్టమైన మాట ఒకటుంది. 'మనం'. మన సంస్కృతి, మన పండుగలు, మన పూర్వీకులు. తెలుగులో మేం వేరు, మనం వేరు. ఇది మన భాష గొప్పతనం. ఎదుటివాణ్ణి కలుపుకుంటే మనం, వదిలేస్తే మేం. మీ పేరాలో 'మన' అని కనపడిన ప్రతిసారీ నేను ఆగి, అందులో ఉన్నానో లేనో తడుముకోవలసి వస్తుంది. కింది వాక్యంలో 'ముస్లింలు కూడా' అని ఉంటే లేనని తెలిసిపోతుంది. మనం అనే మాటలో నిజాయితీగా మమ్మల్ని కలుపుకోండి. లేదా మేం అనే రాసుకోండి. కలుపుకున్నట్టు నటించొద్దు.

ఇంకో మాట. మా ఇంట్లో సవాల్ అంటే ప్రశ్న. అది ఉర్దూలోంచి మీ తెలుగులోకి వచ్చి సవాలు అయింది. అంటే తొడగొట్టడం! మా పిల్లవాడు సవాల్ చేస్తే అబ్బా జవాబు చెబుతాడు. అదే పని తెలుగు సాహిత్యంలో చేస్తే గొడవకొచ్చాడంటారు. ఆవేశం పాలు ఎక్కువ అన్న విమర్శకు మూలం ఇక్కడే ఉంది. మేం అడిగింది మీకు ఎదిరింపుగా వినిపిస్తోంది. పైగా 'ముస్లిమై ఉండి ఎంత చక్కటి తెలుగు' అని మెచ్చుకోలు ఒకటి. అర్జీ, వకీలు, దస్తావేజు, ఫిర్యాదు, హామీ, రాజీ లేకుండా ఒక్క తెలుగువాడు కోర్టు మెట్లెక్కి దిగగలడా? ఈ తెలుగులో మా వాటా ఎవరో ఇచ్చిన ఇనాం కాదు.

ఇక మనవాళ్లతో. బయటివాళ్ల మీదే వేలు చూపించేది కరపత్రం అవుతుంది. ఒరగల్లు మీద మన బంగారం కూడా గీయాలి. 'ఇంటి గుట్టు బయట పెట్టొద్దు, అసలే రోజులు బాగాలేవు' అని మన పెద్దలు అంటారు. రోజులు ఎప్పుడు బాగున్నాయి? 1904లో బెంగాల్‌లో రొకేయా సఖావత్ హొసేన్ వ్యాసాల పుస్తకం 'మతిచూర్' వచ్చింది. ఆడవాళ్లు ఈ స్థితికి ఎందుకు దిగజారారని అడుగుతూ మతం పేరుతో మగవాళ్లు పెట్టిన కట్టుబాట్లనూ, నగల సంకెళ్లనూ ఆమె దులిపేసింది. గగ్గోలు పుట్టింది. పత్రికలో వచ్చిన కొన్ని పేరాలు పుస్తకంలో తీసెయ్యాల్సి వచ్చింది. ఆమె రాయడం మానలేదు. 1911లో కలకత్తాలో ఆడపిల్లల బడి నడిపింది. 1931లో పరదా వెనక జరిగిన ఘోరాలను ఒక్కొక్కటిగా 'అబరోధ్‌బాసిని'లో పెట్టింది. మన తెలుగు ముస్లిం ఆడవాళ్లు అలాంటి పుస్తకం రాస్తే అచ్చు వేసే ధైర్యం మనలో ఎందరికుంది?

కులం సంగతీ అంతే. 'ఇస్లాంలో కులం లేదు' అని వేదిక మీద అంటాం. సంబంధం కలుపుకునే వేళ దూదేకులవాణ్ణి, ఫకీరును, ఖురేషీని అవతల నిలబెడతాం. 2007లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం సయ్యద్, పఠాన్, మొఘల్ వంటి వాళ్లను పక్కనపెట్టి 14 ముస్లిం సమూహాలను బి.సి.-ఇ కింద చేర్చి 4 శాతం రిజర్వేషన్ ఇచ్చింది. అచ్చుకట్లవాళ్లు, అత్తరు సాయిబులు, గారడీ సాయిబులు, గుడ్డి ఎలుగువాళ్లు, తురక కాశలు, సిద్దీలు. సర్కారు గెజెట్‌కు ఎక్కిన ఈ పేర్లు మన సాహిత్యానికి ఎన్ని ఎక్కాయి? ఎలుగుబంటిని ఆడించి పొట్టపోసుకున్నవాడి గురించీ, రాళ్లకు, అత్తరుకు జీవితం ధారపోసినవాడి గురించీ కమిషన్ రిపోర్టు రాసింది. వాళ్లు ఎందరో, చదువెంతో రిపోర్టు లెక్కపెడుతుంది. ఆ బతుకు ఎలా ఆలోచిస్తుందో చెప్పడానికి ఆ ఇంట్లో పుట్టినవాడి వ్యాసం కావాలి.

1936లో లాహోరులో ఒక సంస్కర్తల సంఘం అంబేద్కర్‌ను అధ్యక్షోపన్యాసానికి పిలిచింది. ఉపన్యాసం ముందుగా చదువుకుని భయపడి, కొన్ని మాటలు తీసెయ్యమంది. ఆయన ఒక్క కామా కూడా మార్చనన్నాడు. సభే రద్దయింది. ఆయన తన డబ్బుతో దాన్ని పుస్తకంగా వేసుకున్నాడు. అదే 'కులనిర్మూలన'. నోటితో చెప్పనివ్వని మాట అచ్చులోకెక్కి ఇవాళ్టికీ పనిచేస్తోంది. దాన్ని పిలిచినవాళ్లు సనాతనులు కారు, సంస్కర్తలు. ఈ సంగతి మరిచిపోవద్దు. దళితులు ఈ దేశంలో వాదనను మొదటి ఆయుధం చేసుకున్నారు. మనం విన్నపాల దగ్గరే తచ్చాడుతున్నాం.

విన్నపం వ్యాసం కాదు. అందులో దయ అడుగుతాం. ఫత్వా వ్యాసం కాదు. అందులో సందేహానికి చోటుండదు. బోనులో ఇచ్చే సంజాయిషీ అసలే కాదు. తనకు తెలిసిందేమిటో, తెలిసిందెలాగో చూపించి, ఎదుటివాడి వాదంలో బలమైన దాన్నే ఎత్తుకుని, దానితో తలపడి, తన మాటలో సందు ఉంటే ముందు తానే చూసుకునేది వ్యాసం. ఆవేశం ఉండొచ్చు. ఆధారం లేని ఆవేశం మాత్రం మన శత్రువుకే ఉపయోగపడుతుంది.

2007 మే 18న హైదరాబాద్ మక్కా మసీదులో జుమ్మా నమాజు వేళ బాంబు పేలింది. తర్వాత పాతబస్తీ ముస్లిం కుర్రాళ్లను పట్టుకెళ్లారు. పట్టుకెళ్లినప్పుడు పేర్లూ ఫొటోలూ మొదటి పేజీల్లో వచ్చాయి. వాళ్లలో చాలామందిని కోర్టులు నిర్దోషులన్నాయి. 2012లో ప్రభుత్వం కొందరికి నష్టపరిహారం ఇచ్చింది. 2013లో హైకోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. ఇక్కడితో వార్త చచ్చిపోయింది. నిర్దోషి అని తేలిన మనిషికి ఉద్యోగం ఎవరిచ్చారు, పెళ్లి సంబంధం ఎలా కుదిరింది, పోయిన ఏళ్లకు ఏ చట్టంలో లెక్క ఉంది? వార్త ఆగినచోట ఇవన్నీ అడగవలసింది వ్యాసం. కవితలో ఆ కుర్రాడి తల్లి ఏడుస్తుంది. వ్యాసంలో ఆమె లెక్క అడగాలి. ఆ లెక్కకు జవాబుదారీ ఎవరో పేరు పేరునా తేలాలి.

అందుకే రాద్దాం. పత్తి మీద రాద్దాం, నీళ్ల మీద రాద్దాం, పానుగంటి మీద రాద్దాం, మౌల్వీ మీద రాద్దాం, మీ మీద రాద్దాం, మా మీద రాద్దాం. ఇంట్లో మాట్లాడే భాషలోనే రాద్దాం. చదివేవాళ్లను అడిగేది ఒక్కటే. చదివి కళ్లు తుడుచుకోవద్దు. మా మాట తప్పనిపిస్తే ఎక్కడ తప్పో, ఎందుకు తప్పో చూపించి జవాబు రాయండి. మళ్లీ మేం రాస్తాం.